భాస్కరన్న పెన్‌డ్రైవ్‌లో వైరస్ లేదు

పొద్దున్నే దీపం వెలిగించి, కళ్ళు మూసుకుని, ఉన్నవాటన్నిటికీ ఒక్కొక్కటిగా దండం పెట్టుకోవడం నాకు చిన్నప్పటి నుంచీ అలవాటు. ఆడుతున్న ఊపిరికి. అమ్మకు. వేళకు వచ్చే నల్లా నీళ్ళకు. అన్నం పెడుతున్న పనికి. ఈ చివరిదాని దగ్గరికి వచ్చేసరికి ఏళ్ళుగా నా నోరు తడబడుతోంది. కొన్ని రోజులు దాన్ని దాటేసి ముందుకు పోయాను. కొన్ని రోజులు గబగబా అనేసి, నేనే విననట్టు ఊరుకున్నాను. దేవుడు మాత్రం వినకుండా ఉంటాడా? ఆ పని నాకు ఎలా వచ్చిందో ఆయనకు తెలుసు. నాకు తెలుసు. మొన్నమొన్నటిదాకా మూడో మనిషికి తెలియదు.

మీకు మొదటి నుంచీ చెప్తాను. నా పేరు మాత్రం అడగకండి.

నేను బడికి పోలేదు. చిన్నప్పుడు ఆయాసం ఎక్కువ. నాచారంలో మా ఇంటి నుంచి వీధి చివరిదాకా నడిస్తేనే ఎగపోత వచ్చేది. అందుకని అమ్మ ఇంట్లోనే చదివించింది. బియ్యంలో రాళ్ళు ఏరుతూ ఎక్కాలు చెప్పించేది. ఇంగ్లీషు అయితే అక్షరం వదలకుండా, అర్థమయ్యేదాకా చదవాలి. అర్థం కాకుండా ముందుకు పోతే వెనక్కి లాక్కొచ్చి మళ్ళీ మొదటి నుంచి చదివించేది. పరీక్షలు బయటి నుంచి కట్టి రాశాను. ఆ చదువుతోనే ఉప్పల్‌లో ఒక కంప్యూటర్ ఎంబ్రాయిడరీ షాపులో చేరాను. జాకెట్ల మీద, లంగాల మీద డిజైన్లు కుట్టే షాపు. యజమాని వసంత మేడమ్. వాళ్ళాయనది రైల్వే ఉద్యోగం. గుంటూరు వైపు నుంచి వచ్చిన కుటుంబం.

అక్కడ డిజైన్లు చేసేది భాస్కరన్న. జనగామ దగ్గరి ఊరు. ముందు దారాలు కత్తిరించడానికి చేరి, చూసి చూసి, కంప్యూటర్‌లో డిజైన్ గీయడం తనంతట తాను నేర్చుకున్న మనిషి. నెమలి మెడ వంపు దగ్గర కుట్టు ఎటు తిరగాలో, గుడ్డ ముడత పడకుండా కింద ఎంత పొర వెయ్యాలో ఆయన చెప్తుంటే పాఠంలా ఉండేది కాదు, ముచ్చటలా ఉండేది. నాకు మౌస్ పట్టుకోవడం నేర్పింది ఆయనే. "గట్టిగ వట్టకు చెల్లె, అది ఏడికి వారిపోదు" అని నవ్వేవాడు. మేడమ్ అప్పుడే రెండో మిషన్ కొన్నది. ఇక మీద డిజైన్లన్నీ భాస్కర్ చేతి మీదుగానే నడవాలని అందరి ముందూ అంది. ఆ రోజు ఆయన ముఖం ఎలా వెలిగిందో నాకు ఇప్పటికీ కనిపిస్తుంది.

దసరా వచ్చింది. ముందురోజు ఆయుధపూజ. మా షాపులో మిషన్లు, కత్తెరలు, ఇస్త్రీపెట్టె, కంప్యూటర్ అన్నీ తుడిచి, పసుపు కుంకుమ పెట్టి, బంతిపూల దండలు వేస్తారు. కంప్యూటర్ తుడిచే పని నేనే అడిగి తీసుకున్నాను. పైన తుడిచాను. వెనక వైర్ల మధ్య దుమ్ము ఊదాను. అప్పుడు ఒక బుద్ధి పుట్టింది. పూజ రోజు కంటికి కనబడని మూలలో కూడా బూజు ఉండకూడదని అమ్మ అంటుంది కదా, మరి దీని లోపలి మూలల సంగతేమిటి?

నేను చేసిన పొరపాటు అలా మొదలైంది. భక్తితోనే మొదలైంది. ఆ మాట చెప్పి తప్పించుకోవాలని కాదు. అలా జరిగింది కాబట్టి చెప్తున్నాను.

ఆ కంప్యూటర్‌లో పాత తెలుగు టైపింగ్ ప్రోగ్రామ్ ఒకటి ఉండేది. జాకెట్ల మీద పేర్లు కుట్టడానికి ఎప్పుడో వేసింది. దాన్ని వాడటం మానేసి చాలా కాలమైంది. చెత్తే కదా అని తీసెయ్యబోయాను. సగంలో ఒక చిన్న పెట్టె తెర మీదికి వచ్చి ఆగింది. ఏదో ఫైల్ పేరు చూపించి, ఈ ఫైల్‌ను ఇంకో ప్రోగ్రామ్ కూడా వాడుతుండవచ్చు, తీసేస్తే ఆ ప్రోగ్రామ్ పని చెయ్యకపోవచ్చు, తీసెయ్యమంటారా అని ఇంగ్లీషులో అడిగింది. కింద అవును, అన్నిటికీ అవును, వద్దు అని బటన్లు.

నేను చదివాను. అక్షరం వదలకుండా చదివాను. చదవలేదని అంటే అది ఇంకో అబద్ధం అవుతుంది. అర్థం కాలేదు. అర్థం కానప్పుడు ఆగాలని నాకు అమ్మ నేర్పింది. అవతల కొబ్బరికాయ పట్టుకుని మేడమ్ పిలుస్తోంది. 'అన్నిటికీ అవును' నొక్కాను.

తర్వాత పూజ జరిగింది. భాస్కరన్న ఒక పెన్‌డ్రైవ్ తెచ్చి అదే కంప్యూటర్‌కు పెట్టి అమ్మవారి పాటలు వేశాడు. అందరం ప్రసాదం తిన్నాం. కంప్యూటర్ ఆపేసి ఇళ్ళకు పోయాం.

పండుగ అయ్యాక షాపు తెరిచారు. డిజైన్ ప్రోగ్రామ్ తెరుచుకోలేదు. ఫలానా ఫైల్ కనబడటం లేదు కాబట్టి మొదలుపెట్టలేను అని తెర మీద రెండే వాక్యాలు. ఆ ఫైల్ పేరు చూడగానే గుర్తుపట్టాను. పూజ రోజు ఆ చిన్న పెట్టెలో చూసిన పేరే.

అప్పుడే చెప్పి ఉండాల్సింది. నోటి దాకా వచ్చింది కూడా. ఈలోపు మేడమ్ వచ్చింది, ఏఎస్ రావు నగర్ నుంచి రిపేరు అతను వచ్చాడు. వచ్చినవాడు కూర్చోకముందే పెన్‌డ్రైవ్ ఏమైనా పెట్టారా అని అడిగాడు. పెట్టామన్నారు. "అయితె గదే మేడమ్, వైరస్" అన్నాడు. వెతకలేదు. చూడలేదు. అనేశాడు. పెన్‌డ్రైవ్ అంటే వైరస్ అని అందరికీ తెలిసిన రోజులవి.

మేడమ్ అందరి ముందూ అంది: "ఏమయ్యా భాస్కర్, పూజకు అమ్మవారి పాటలు తెమ్మంటే వైరస్‌ను పట్టుకొచ్చావా?"

మిషన్ల దగ్గర ఉన్నవాళ్ళు నవ్వారు. భాస్కరన్న కూడా నవ్వబోయాడు. కుదరలేదు. నేను నా చేతుల వంక చూసుకుంటూ నిలబడ్డాను. ఖాయంగా తెలిశాక చెప్దాంలే అనుకున్నాను. తెలియకుండా చెప్పడం తప్పు కదా అని కూడా అనుకున్నాను. మనసుకు ఎన్ని సాకులు తెలుసో చూడండి! తప్పించుకోవడానికి నీతినే అడ్డం పెట్టుకుంది.

రిపేరు అతను నెట్‌లో వెతికి, అదే పేరున్న ఫైల్ ఒకటి తెచ్చి లోపల పెట్టాడు. డిజైన్ ప్రోగ్రామ్ ఈసారి ఇంకో తప్పు చూపించి మూసుకుంది. పేరు ఒకటే అయినా అది మాకు కావలసిన ఫైల్ కాదు. మొత్తం తుడిచేసి మళ్ళీ వెయ్యాలన్నాడు. ఆ ప్రోగ్రామ్ సీడీ గీతలు పడి ఎప్పుడో పాడైపోయింది. తుడిచేస్తే మళ్ళీ వేసుకునే దారి లేదు. కార్తీకంలో పెళ్ళిళ్ళు. ఇచ్చిన జాకెట్లు అలాగే వెనక్కి తీసుకుపోవడానికి మనుషులు వస్తున్నారు. మిషన్లు రెండూ దండలు వాడిపోయి, చప్పుడు లేకుండా నిలబడ్డాయి.

ఆ రోజుల్లోనే ఒక మధ్యాహ్నం, అన్నం డబ్బాలు కడుక్కునే కుళాయి దగ్గర భాస్కరన్న నన్ను ఆపాడు. ఇన్నేళ్ళలో నేను మనసులో ఎన్నోసార్లు మళ్ళీ విన్న మాటలు ఇవే.

"చెల్లె, ఒక్క మాట అడుగుత. ఏమనుకోకు."

"అడుగన్న."

"పూజ దినం పొద్దుగాల సిస్టమ్ సాఫ్ జేసింది నువ్వే గద. లోపట ఏమన్న ముట్టినవా?"

"లేదన్న. పైపైన తుడిచిన. గంతే."

ఆయన నా ముఖంలోకి చూశాడు. ఎక్కువసేపు కాదు.

"నువ్వెందుకు అబద్ధమాడుతవ్ లే. దీపం వెట్టందే మంచినీళ్ళు గూడ ముట్టవు. అయితె నా పెన్‌డ్రైవే. పాటలు గావాల్నంటే ఎవలో దోస్తు ఎక్కిచ్చిచ్చిండు, అండ్ల ఏముందో నేనేం జూసిన? నా పనికి నేనే ఎసరు వెట్టుకున్న."

నేను పెట్టే దీపం నాకు అలా సాక్షి అయింది. నేను పిలవలేదు. కానీ వచ్చిన సాక్షిని వద్దని కూడా అనలేదు. అంతకుముందు దాకా జరిగింది పొరపాటు. ఆ కుళాయి దగ్గర చేసిందే తప్పు. ఎందుకు చేశాను? ఉద్యోగం పోతుందనా? అది కొంత. అంతకన్నా, ఆ పిల్ల చాలా మంచిది, ఇంట్లో చదివినా ఎంత పద్ధతి అని అందరూ అనే ఆ మాట పోతుందని. మంచిదాన్ని అనిపించుకోవడం కోసం ఒక మంచి మనిషిని బలిపెట్టాను.

ఆ ఫైల్ ఏమిటో ఆ తర్వాత మెల్లగా అర్థం చేసుకున్నాను. మా నాచారంలో ఒకే ఇంట్లో మూడు వాటాలుంటే అందరికీ కలిపి ఒకటే బోరు మోటారు ఉంటుంది. ఒక వాటా వాళ్ళు ఖాళీ చేసి పోతూ, తాము వచ్చినప్పుడు బిగించిందే కదా అని మోటారు ఊడదీసుకుని పోయారనుకోండి. మిగతా వాటాల్లో నల్లా తిప్పితే నీళ్ళు రావు. వాళ్ళ నల్లాలో లోపం లేదు. పైపులో లోపం లేదు. కంప్యూటర్‌లో కూడా కొన్ని ఫైళ్ళు అలాంటివి. ఏ ఒక్క ప్రోగ్రామ్‌కూ సొంతం కావు, రెండు మూడు కలిసి వాడుకుంటాయి. టైపింగ్ ప్రోగ్రామ్ ఖాళీ చేస్తూ, ఇది పట్టుకుపోనా అని నన్ను అడిగింది. పట్టుకుపొమ్మన్నాను. పాపం, అది అడిగింది. అడగకుండా పోలేదు.

పోయిన మోటారు మళ్ళీ ఎలా వస్తుంది? తీసుకుపోయినవాళ్ళు తిరిగి వస్తే వస్తుంది. టైపింగ్ ప్రోగ్రామ్ సీడీ మేడమ్ సొరుగులో ఉంది. మేడమ్‌ను అడిగి కంప్యూటర్ ముందు కూర్చున్నాను. రిపేరు అతను పెట్టిన దొంగ ఫైల్ అక్కడ ఉంటే అసలుది రాదని అనిపించి, దాన్ని తీసెయ్యకుండా పేరు మాత్రం మార్చి పక్కన పెట్టాను. తీసెయ్యాలంటే అప్పటికే భయం పట్టుకుంది. తర్వాత టైపింగ్ ప్రోగ్రామ్ మళ్ళీ వేశాను. కంప్యూటర్ ఆపి, ఆన్ చేశాను. డిజైన్ ప్రోగ్రామ్ తెరుచుకుంది. భాస్కరన్న సగంలో ఆపిన చిలుకల జంట, ఆకుపచ్చ దారపు గీతలతో తెర నిండా వచ్చి కూర్చుంది.

మేడమ్ పరుగెత్తుకొచ్చి నా తల మీద చెయ్యి వేసి, "ఎలా చేశావమ్మా?" అంది.

నేనన్నాను: "అమ్మవారి దయ మేడమ్."

ఈ మాట రాయడానికే ఇన్ని ఏళ్ళు పట్టింది. పొరపాటు చెప్పగలను. అబద్ధం చెప్పగలను. అమ్మవారి పేరును నా తప్పు మీద చీరలా కప్పిన సంగతి చెప్పడానికి చెయ్యి రాలేదు. ఆవిడ దయ కాదు అది. ఎక్కడ విరిగిందో విరిచినదాన్ని కాబట్టి తెలుసు, అంతే.

భాస్కరన్న ఏం చేశాడో తెలుసా? రెండు చేతులూ జోడించి, "బతికిచ్చినవ్ చెల్లె" అన్నాడు. మర్నాడు నాకోసం పాలకోవా తెచ్చాడు. తిన్నాను. ఆయన ఎదురుగా కూర్చుని మరీ తిన్నాను.

ఇక నుంచి సిస్టమ్ నేనే చూసుకోవాలని మేడమ్ అంది. భాస్కరన్నను ఫ్రేముకు గుడ్డ బిగించే పనికి మార్చింది. ఆయన ఎదురు చెప్పలేదు. తప్పు తనదే అని నమ్మాడు కదా. నాకు డిజైన్ ఏదైనా చిక్కుపడితే వెనక నిలబడి, వేలితో గాలిలో చూపించి చెప్పేవాడు. మౌస్ మాత్రం ముట్టుకునేవాడు కాదు. ఎండాకాలం రాకముందే మానేసి, మల్లాపూర్‌లో ఏదో ప్యాకింగ్ పనికి పోయాడు. పోతూ పోతూ, నెమలి డిజైన్లలో మెడ దగ్గర కుట్టు తగ్గించమని గుర్తు చేశాడు.

ఆ కుర్చీలోనే నేను ఇప్పటికీ కూర్చుంటున్నాను. దాని మీదే అమ్మకు మందులు, మా ఇంటికి వెలుతురు. ఎందరో పెళ్ళికూతుళ్ళు నేను గీసిన పువ్వులు తొడుక్కుని పీటల మీద కూర్చున్నారు, తర్వాత ఫోటోలు పంపించారు. ఇవన్నీ నాకు దక్కిన మంచి కాదని ఎలా అనను? మనసు నిండా కృతజ్ఞతే. కానీ ఒకరి చేతిలోంచి జారిపోయేలా చేసి, అది నా ఒడిలో పడిందని దేవుడికి దండం పెట్టుకోవచ్చా? పెట్టుకోకపోతే అన్నం పెట్టిన పనిని కాదన్నట్టు. పెట్టుకుంటే దేవుణ్ణీ ఇందులో కలిపినట్టు. ఈ రెంటి మధ్యే ఇన్నేళ్ళూ నా పొద్దులు గడిచాయి.

ఈ మధ్య భాస్కరన్న షాపుకు వచ్చాడు. కూతురికి ఓణీల ఫంక్షన్. జాకెట్ మీదికి డిజైన్ కావాలి. నన్ను చూసి ఆయన ఎంత సంబరపడ్డాడో! నేను కుర్చీ జరిపి, "నువ్వే సూసుకో అన్న, నీకు తెల్వని డిజైనా" అని మౌస్ ఆయన వైపు తోశాను. ఆయన చెయ్యి చప్పున వెనక్కి పోయింది.

"అమ్మో, వద్దు చెల్లె, నువ్వే సూపియ్యి. నా చెయ్యి మంచిది గాదు దీనికి."

కూతురు పకపకా నవ్వింది. "ఇంట్ల నా ల్యాప్‌టాప్ గూడ ముట్టడు అక్కా మా డాడీ. కరెంటు తీగను జూసినట్టు పక్కకు జరుగుతడు. ఎప్పుడో పెద్ద కంప్యూటర్ ఖరాబ్ జేసిండంట!"

ఆయన కూడా నవ్వాడు. నేనూ నవ్వానేమో, గుర్తులేదు. అప్పటిదాకా ఆయన ఉద్యోగం పోయేలా చేశాననే అనుకున్నాను. పోయింది ఉద్యోగం ఒక్కటే కాదు. నెమలి మెడ అంత బాగా తిప్పిన చేతి మీద ఆయనకు నమ్మకం పోయింది. ఆ నమ్మకం తిరిగి ఇవ్వగలిగేది లోకంలో నేను ఒక్కదాన్నే. దేవుడు కూడా ఇవ్వలేడు, ఆయన మాట భాస్కరన్నకు వినబడదు కదా.

ఆ ఆదివారం చెంగిచెర్లలో వాళ్ళింటికి వెళ్ళాను. వదిన మంచినీళ్ళు ఇచ్చింది. ముట్టుకోకముందే చెప్పేశాను. పూజ రోజు చిన్న పెట్టె దగ్గర నుంచి పాలకోవా దాకా. పెన్‌డ్రైవ్‌లో వైరస్ లేదని, పాటలే ఉన్నాయని, ఆయన చేతి వల్ల ఏదీ పాడు కాలేదని చెప్పాను. అంతా విన్నాక, "గప్పుడు నేను అడిగిన గద?" అన్నాడు.

"అడిగినవన్న."

"నీ మొకం జూసి నమ్మిన."

వదిన లోపలికి పోయింది. ఆయన కాసేపు తన చేతులు చూసుకున్నాడు. తర్వాత, "నాకు జెప్తె ఏమొస్తది? మేడమ్‌కు జెప్పు. అందరి ముంగట అన్నది ఆమె. అందరి ముంగటనే జెప్పు" అన్నాడు. వాకిట్లోకి రాగానే చెల్లె అని పిలిచినవాడు, నేను గేటు దాటేటప్పుడు ఆ పిలుపు పిలవలేదు.

సోమవారం షాపులో మిషన్లు ఆపించి, అందరూ వింటుండగా చెప్పాను. అప్పటివాళ్ళు ఇద్దరు ముగ్గురే మిగిలారు. కొత్తవాళ్ళకు ఏమీ అర్థం కాలేదు. ఇన్నేళ్ళ తర్వాత ఇదంతా ఎందుకమ్మా అని మేడమ్ మొదలుపెట్టి, మధ్యలో ఆగి, "ఆ మాట అన్నది నేనే కదా" అని తనలో తను అనుకుంటూ లోపలికి వెళ్ళిపోయింది. నన్ను పొమ్మనలేదు. ఉండమనీ అనలేదు. ఏదన్నా తలవంచుకునే ఉంటాను.

భాస్కరన్నకు ఫోన్ చేసి చెప్పేశానన్నాను. "ఊ" అన్నాడు. వెనక ప్యాకింగ్ మిషన్ల చప్పుడు. నేను ఏమీ అడగలేదు. క్షమించమని అడిగితే, కాదనలేని ఆ మంచి మనిషిని మళ్ళీ ఇరకాటంలో పెట్టినట్టవుతుంది. ఆయన ఫోన్ పెట్టెయ్యలేదు. ఎవరో పిలిస్తే పోయాడు.

ఆ "ఊ" లోపల ఏముందో నాకు తెలియదు. కోపం ఉండవచ్చు. ఉండాలి కూడా. అది వినిపించినందుకే నేను ఎంత రుణపడి ఉన్నానో మీకు చెప్పలేను, ఎందుకంటే జరిగింది జరిగినట్టు అందరి ముందూ ఒప్పుకున్నాక ఆయన నాతో అన్న మొదటి మాట అదే. తప్పు నాది. చెయ్యి ఆయనది కాదు. ఇది ఇప్పుడు ఆయనకు తెలుసు.